రెండు చందమామలున్న ఊళ్ళో ఉగాది ఎప్పుడు? (పాఠకుల ప్రశ్నలు, జవాబులు)

ఈసారి వచ్చిన ఉత్తరాల్లో సగానికి సగం ఒకే విషయం గురించి ఉన్నాయి, కల్పించిన లోకంలో రోజులు, నెలలు, గంటలు ఎలా పెట్టుకోవాలి అని. అడిగినవాళ్ళంతా ఇక్కడ చెన్నైలో ఉంటున్న తెలుగువాళ్ళే, నాకూ చాలా ఇష్టమైన విషయం, అందుకే ఈ నెల పేజీలన్నీ దీనికే ఇచ్చేశాను.

ప్రశ్న: మేడం, నేనొక ఫాంటసీ నవల రాస్తున్నాను. ఆ లోకానికి రెండు చందమామలు. ఏడాదికి 360 రోజులు, 12 నెలలు, నెలకి 30 రోజులు. పెద్ద చందమామ 30 రోజులకోసారి, చిన్నది 15 రోజులకోసారి నిండుతుంది. నెలలన్నిటికీ పేర్లు కూడా పెట్టాను. మా ఫ్రెండ్ చదివి "ఇది మన క్యాలెండరే కదా, పేర్లు మార్చావంతే" అంది. ఏం చెయ్యాలి? (వేళచ్చేరి నుంచి ఒక పాఠకురాలు)

జవాబు: మీ ఫ్రెండ్ చెప్పింది నిజమేనండీ, కానీ పేర్ల జోలికి మాత్రం వెళ్ళకండి, అవి బాగానే ఉండుంటాయి. చిక్కంతా లెక్క మరీ ఒద్దికగా కుదిరిపోవడం దగ్గరుంది. 360ని 30తో భాగిస్తే శేషం సున్నా, 15తో భాగించినా సున్నా, ఇంక ఆ లోకంలో పంచాంగం చూసి చెప్పేవాళ్ళకి పనేం ఉంటుంది, ఎవరు ఎవరితో గొడవ పడతారు?

మన ఆకాశం ఇంత మర్యాదగా ఉండదు. పున్నమి నుంచి పున్నమికి ఇరవై తొమ్మిదిన్నర రోజులు, పన్నెండు నెలలు కలిపితే 354, సూర్యుడి ఏడాదేమో 365, అంటే ఏటా పదకొండు రోజులు తక్కువ పడుతూ వస్తాయి, అవి పోగై పోగై 32, 33 నెలలకోసారి ఒక నెల అదనంగా వచ్చి కూర్చుంటుంది. ఈ 2026లో వచ్చిన అధిక జ్యేష్ఠం అదే, మే 17 నుంచి జూన్ 15 దాకా. మా పక్కింటివాళ్ళు అమ్మాయి పెళ్ళి అధికమాసం రాకముందే చెయ్యాలని మార్చి నుంచి కల్యాణ మండపాల చుట్టూ తిరిగారు, పెరంబూర్‌లో ఎక్కడా ఖాళీ లేదు, చివరికి ఆవడిలో దొరికింది, చుట్టాలందరూ లోకల్ ట్రైన్ ఎక్కి వెళ్ళాల్సొచ్చింది. ఆ పదకొండు రోజుల తేడాయే లేకపోతే ఆ పరుగూ లేదు, ఆవడీ లేదు. మీ నవలకి అలాంటి శేషం ఒకటి కావాలి.

ఒక లెక్క చెప్తాను, నచ్చితే వాడుకోండి. చిన్న చందమామ 24 రోజులకోసారి, పెద్దది 40 రోజులకోసారి నిండుతుందనుకోండి. రెండూ ఒకే రాత్రి నిండేది 120 రోజులకోసారి, దాన్ని జంట పున్నమి అందాం. ఏడాదికి 360 పెడితే మళ్ళీ అన్నీ కుదిరిపోతాయి కాబట్టి 366 పెట్టండి. ఇప్పుడు చూడండి ఏమవుతుందో. చిన్న చందమామని నమ్మేవాళ్ళకి ఏటా 15 నెలలు పోగా 6 రోజులు మిగిలి, నాలుగేళ్ళకోసారి ఒక అధికమాసం వస్తుంది. పెద్ద చందమామని నమ్మేవాళ్ళకి 9 నెలలు పోగా అదే 6 రోజులు, కానీ వాళ్ళ నెల 40 రోజులది కాబట్టి ఇరవయ్యేళ్ళలో మూడే అధికమాసాలు. జంట పున్నమి ఏటా ఆరు రోజులు ముందే వచ్చేస్తుంది, మామూలుగా ఏడాదికి మూడు వస్తాయి, ఇరవయ్యేళ్ళకోసారి మాత్రం ఒకే ఏడాదిలో నాలుగు పడతాయి. మనకి పుష్కరాలు పన్నెండేళ్ళకి వచ్చినట్టు వాళ్ళకి ఆ నాలుగు జంట పున్నముల ఏడాది ఇరవయ్యేళ్ళకి వస్తుంది, అది చూసిన పిల్ల మళ్ళీ చూసేసరికి పెళ్ళై పిల్లల తల్లి అయి ఉంటుంది. మీ కథ ఆ ఏడాదే జరగనివ్వండి.

ఇంకోటి, ఈ లెక్కలు ఎవరికి కావాలో కూడా చూసుకోండి. మన కాసిమేడులో ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 దాకా 61 రోజులు మర బోట్లు వేటకి వెళ్ళవు, చేపలు గుడ్లు పెట్టే కాలమని నిషేధం, అక్కడి ఇళ్ళల్లో అప్పు తీరుస్తామన్నా నగ విడిపిస్తామన్నా ఆ రెండు తేదీలు చూసుకునే మాటిస్తారు. మీ లోకంలో రెండు చందమామలు ఒకే వరసలోకి వచ్చిన రోజు పోటు మామూలుగా ఉండదు, సముద్రం వీధుల్లోకి వచ్చేస్తుంది, కాబట్టి రేవులో ఉండేవాళ్ళు జంట పున్నమిని వేళ్ళ మీద లెక్కపెడతారు, కొండమీద గొర్రెలు కాసేవాళ్ళకి దాని ఊసే ఉండదు. ముందు ఆ రేవు మనిషిని పట్టుకుని కూర్చోండి, ఏ నెలకి ఏ పేరో ఆవిడ నోటినుంచే వస్తుంది.

ప్రశ్న: నా కథలో గడియారాలు ఇంకా కనిపెట్టలేదు. అయినా "అరగంట తర్వాత" అని చెయ్యి జారిపోతోంది. ఏం రాయాలి? అసలు గడియారం లేకుండా ఎంత కచ్చితంగా టైమ్ చెప్పగలరు? (పెరంబూర్ నుంచి ఒక పాఠకుడు)

జవాబు: మాటలకి మనకి కరువు లేదండీ. పొద్దు బారెడెక్కింది, దీపాలు పెట్టే వేళయింది, కోడి కూసే వేళ, తెల్లవారుజాము, రెప్పపాటు, అన్నం ఉడికినంత సేపు, ఇవన్నీ మన ఇళ్ళల్లో ఇప్పటికీ అంటున్న మాటలే. "అన్నం ఉడికినంత సేపు" అని రాస్తే టైమూ వచ్చింది, ఆ ఇంట్లో పొయ్యీ కనబడింది.

కచ్చితంగా కావాలంటే మన పాత లెక్కే ఉంది. రోజుకి 60 ఘడియలు, ఘడియకి 24 నిమిషాలు, రెండు ఘడియలు కలిస్తే ముహూర్తం, ఏడున్నర ఘడియలు కలిస్తే జాము. దీన్ని కొలవడానికి అడుగున సన్నటి చిల్లున్న రాగి గిన్నెని నీళ్ళ మీద వదిలేవాళ్ళు, అది నిండి మునిగితే ఒక ఘడియ, సూర్యసిద్ధాంతంలో కూడా ఈ గిన్నె పగలూ రాత్రీ కలిపి అరవైసార్లు మునగాలని ఉంది.

నేను చదివి ఊరుకోలేక సౌకార్‌పేటలో పాత్రల కొట్లో ఒక చిన్న రాగి గిన్నె కొని అడుగున చిల్లు పెట్టించాను. మొదటిసారి తొమ్మిది నిమిషాలకే మునిగిపోయింది. చిల్లు మైనంతో మూసి మధ్యలో సూదితో పొడిస్తే 31 నిమిషాలు పట్టింది. మళ్ళీ కొంచెం వెడల్పు చేసి, మళ్ళీ వదిలి, అలా ఒక ఆదివారం అంతా బకెట్ ముందు పీట వేసుకుని కూర్చుంటే సాయంత్రానికి ఫోన్‌లో 24 నిమిషాలకి దగ్గరగా వచ్చింది. చూడ్డానికి ఎంత బాగుంటుందంటే, మొదట్లో అడుగునుంచి నీళ్ళు దారంలాగా పైకి లేస్తాయి, కాసేపటికి ఆ దారం కనబడదు, గిన్నె ఒకపక్కకి ఒరుగుతుంది, అంచు నీళ్ళ మట్టానికి వచ్చేశాక కూడా ఒక్క క్షణం మునగనా వద్దా అన్నట్టు ఆగుతుంది, తర్వాత గుబుక్కుమని కిందికి పోతుంది. ఆ చప్పుడు పక్కగదిలోకి వినబడుతుంది.

తర్వాత వారం రోజులు చూస్తే తెలిసిందేంటంటే మధ్యాహ్నం డాబా మీద ట్యాంకులో కాగిన నీళ్ళల్లో తొందరగా మునుగుతుంది, తెల్లవారుజామున చల్లటి నీళ్ళల్లో ఆలస్యం చేస్తుంది, చల్లటి నీళ్ళు కొంచెం చిక్కగా ఉంటాయి కదా. చిన్న నలక అడ్డం పడినా లెక్క పోయినట్టే. మునిగిన ప్రతిసారీ తీసి, దులిపి, మళ్ళీ వదలడానికి మనిషి ఉండాలి, వాడికి నిద్ర పట్టకూడదు. మీ కథలో గడియారం లేదన్నారు కదా, ఆ గిన్నె దగ్గర రాత్రంతా కూర్చునే మనిషిని పెట్టండి. రాజుగారి కూతురి పెళ్ళి రాత్రి వాడు రెండు ఘడియలు కునుకు తీశాడనుకోండి, ముహూర్తం దాటిపోయిందన్న సంగతి వాడొక్కడికే తెలుసు.

ప్రశ్న: మేడం, నేను ఎనిమిదో క్లాస్. నా వరల్డ్‌లో రోజుకి 10 గంటలు, గంటకి 100 నిమిషాలు, నిమిషానికి 100 సెకన్లు పెట్టాను. మా అన్నయ్య ఇది జరిగే పని కాదంటున్నాడు. (అడయార్)

జవాబు: జరిగింది నాన్నా, ఫ్రాన్స్‌లో! విప్లవం తర్వాత 1793లో సరిగ్గా నువ్వు చెప్పినట్టే పదే గంటల రోజు పెట్టారు, గడియారాలు కూడా అలాగే చేశారు. నెలకి మూడు వారాలు, వారానికి పది రోజులు. కానీ జనం దగ్గర పాత గడియారాలు ఉండిపోయాయి, పైగా ఏడు రోజులకోసారి వచ్చే సెలవు పది రోజులకోసారి వస్తే పనిచేసేవాళ్ళు ఒప్పుకుంటారా చెప్పు? పది గంటల లెక్క తప్పనిసరి అన్నది 1795లోనే ఆపేశారు, ఆ క్యాలెండర్ 1805 చివరిదాకా ఉండి పోయింది. నీ ఒక గంట అంటే మన 144 నిమిషాలు, అంటే సరిగ్గా ఆరు ఘడియలు, లెక్క చేసి మీ అన్నయ్యకి చూపించు. నీ వరల్డ్‌లో సెలవు ఎన్ని రోజులకి ఇస్తున్నావో మాత్రం నాకు మళ్ళీ రాయి.

ప్రశ్న: నా కథలో రెండు జాతులవాళ్ళు పక్కపక్కనే ఉంటారు. ఇద్దరికీ వేరే క్యాలెండర్లు పెడితే చదివేవాళ్ళు కన్ఫ్యూజ్ అవుతారేమో? (అంబత్తూర్ నుంచి ఒక పాఠకురాలు)

జవాబు: మీరు అంబత్తూర్‌లో ఉండి ఈ ప్రశ్న అడుగుతున్నారంటే, ఒకసారి మీ హాల్లో గోడ చూడండి అంటాను. మా ఇంట్లో రోజూ కాగితం చింపే తమిళ క్యాలెండర్ ఒక మేకుకి, పక్కనే అమ్మ కోసం విజయవాడ నుంచి తెప్పించిన తెలుగు క్యాలెండర్ ఇంకో మేకుకి. ఒకదాంట్లో నెల సూర్యుడు రాశి మారితే మొదలవుతుంది, ఇంకోదాంట్లో అమావాస్య మర్నాడు మొదలవుతుంది. మనకి ఉగాది ఈ ఏడు మార్చి 19న అయింది, కింది ఇంటి తమిళవాళ్ళకి సంవత్సరాది ఏప్రిల్ 14న. ఇందులో కన్ఫ్యూజ్ అయినవాళ్ళు మా అపార్ట్‌మెంట్‌లో ఎవరూ లేరు, ఉగాది పచ్చడి ఒక గిన్నె కిందికి వెళ్తుంది, నెలలోపే వాళ్ళ మామిడికాయ పచ్చడి ఒక గిన్నె పైకి వస్తుంది.

అసలు తమాషా పెళ్ళైన మొదటి ఏడాది ఉంటుంది. మనకి ఆషాఢంలో కొత్త కోడలు అత్తగారింట్లో ఉండకూడదు, వాళ్ళకి ఆడి మాసంలో. మా బంధువుల అమ్మాయి తమిళబ్బాయిని చేసుకుంది, పోయినేడు వాళ్ళకి మొదటి ఏడాది. ఆషాఢం జూన్ 26న వచ్చింది, మనవాళ్ళు పుట్టింటికి తీసుకొచ్చారు, జూలై 24న ఆషాఢం అయిపోయేలోపే 17న ఆడి మొదలైపోయింది, అది ఆగస్టు 16 దాకా. మొత్తం 52 రోజులు! పాపం ఆ అబ్బాయి రోజూ ఆఫీస్ అయ్యాక వీళ్ళ వీధి చివర టీకొట్టు దగ్గరికి వచ్చి నిలబడేవాడు, ఈ పిల్ల కూరగాయల సంచి పట్టుకుని వెళ్ళేది, అందరికీ తెలుసు, ఎవరూ ఏమీ అనలేదు. అదే పెళ్ళి ఒక ఏడాది ఆలస్యంగా అయ్యుంటే, ఇప్పుడు అధికమాసం వల్ల మన ఆషాఢం వెనక్కి జరిగి జూలై 15కి వచ్చింది, ఆడితో దాదాపు కలిసిపోతుంది, ఐదు వారాల్లో అయిపోయేది. రెండు లెక్కలు ఒకదాని మీద ఒకటి పడితే ఒక జంట మీద ఇంత ప్రభావం ఉంటుంది, మీ రెండు జాతుల మధ్య కూడా ఇలాంటిదొకటి రాయండి, చదివేవాళ్ళకి ఏ నెల ఏదో దానంతటదే గుర్తుండిపోతుంది.

వలస వెళ్ళిన జాతి అయితే ఇంకో సంగతి కూడా చూడండి. మా నాయనమ్మ గుంటూరు వైపు నుంచి మద్రాసు వచ్చింది, రోహిణి కార్తెలో రోళ్ళు పగులుతాయనేది, జూన్ 7, 8 తేదీల్లో మృగశిర కార్తె రాగానే అందరి చేతుల్లో ఇంగువ, బెల్లం కలిపిన ఉండ పెట్టేది, ఇంక చల్లబడుతుంది తినండి అని. అక్కడ నైరుతి వానలు మొదలయ్యే సమయం అది. ఇక్కడ మనకి అసలు వానలు అక్టోబర్, నవంబర్‌లో కదా, మృగశిరకి చాలాసార్లు చుక్క కూడా పడేది కాదు, అయినా చనిపోయేదాకా ఆ ఉండ మానలేదు. ఊరు మారినా కార్తె మారలేదు ఆవిడకి. ఆ ఉండ రుచి నాకింకా తెలుసు, ముందు ఘాటు, తర్వాత తీపి.

ప్రశ్న: సంవత్సరాలకి అంకెలు బాగుంటాయా, మన ప్రభవ, విభవ లాగా పేర్లు బాగుంటాయా? (కొళత్తూర్)

జవాబు: పేర్లయితే కథకి పనికొచ్చే తికమక వస్తుంది. మనవి అరవై పేర్లు, తిరిగి తిరిగి వస్తాయి. ఇప్పుడు పరాభవ, ఇంతకు ముందు పరాభవ 1966లో మొదలైంది, అప్పుడు పుట్టినవాళ్ళకే ఇప్పుడు షష్టిపూర్తులు, తిరుక్కడయూరు గుడిలో ఈ ఏడు వాళ్ళందరూ కనిపిస్తారు. కానీ ఒక పాత కాగితం మీద "పరాభవ నామ సంవత్సరంలో ఈ పొలం ఫలానావారిది" అని మాత్రమే ఉంటే, ఏ పరాభవ? 1906దా, 1846దా? అందుకే మన శాసనాల్లో శకవర్షం అంకె వేసి పక్కన సంవత్సరం పేరు కూడా వేసేవాళ్ళు. మీ కథలో అంకె ఉన్న ముక్క విరిగిపోయిన శాసనం ఒకటి దొరికితే చాలు, రెండు కుటుంబాలు మూడు తరాలు కొట్టుకుంటాయి.

ప్రశ్న: చెన్నైలో కాలం లెక్కకి సంబంధించి చూడదగ్గది ఏమైనా ఉందా? నా కథకి ఒక రాజధాని కావాలి, అక్కడి టైమే దేశమంతా పాటించాలి. (నుంగంబాక్కం నుంచి ఒక పాఠకుడు)

జవాబు: మీరు దాని పక్కనే ఉంటున్నారండీ! ఈస్టిండియా కంపెనీ 1792లో అబ్జర్వేటరీ కట్టింది మీ నుంగంబాక్కంలోనే, ఇప్పుడు వాతావరణ కేంద్రం ఉన్న ఆవరణలో. పరికరం నిలబెట్టిన నల్లరాయి స్తంభం ఇంకా ఉంది, దాని మీద చెక్కిన భాషల్లో మన తెలుగు కూడా ఉంది. ఇక్కడే పనిచేసిన చింతామణి రఘునాథాచారి 1867లో వెలుగు మారే నక్షత్రం ఒకటి కనిపెట్టారు, ఆకాశంలో కంటికి కనబడేదాన్ని బట్టి పంచాంగం దిద్దుకోవాలని పట్టుబట్టారు, తమిళనాట పాత సూత్రాల లెక్కతో వేసే వాక్యం, ఆకాశం చూసి దిద్దుకునే తిరుక్కణితం అని రెండు పంచాంగాల వాళ్ళు ఇప్పటికీ వేరువేరుగా ఉన్నారు చూడండి, ఆ చర్చలో ఆయనది పెద్ద పాత్ర.

మీ రాజధాని సంగతికొస్తే, పోయిన శతాబ్దానికి ముందు రైళ్ళు చాలా ఏళ్ళు దేశమంతా మద్రాసు టైమ్ మీదే నడిచాయి. బొంబాయి గడియారం మనకంటే అరగంట వెనక, కలకత్తా అరగంట పైనే ముందు. 1906 జనవరి 1న ఒకే టైమ్ పెట్టారు, మన గడియారం తొమ్మిది నిమిషాలు ముందుకి జరిగితే సరిపోయింది, ఎవరూ పెద్దగా పట్టించుకోలేదు, కలకత్తా మాత్రం 1948 దాకా, బొంబాయి 1955 దాకా తమ టైమ్ వదల్లేదు. ఒకే ఊళ్ళో స్టేషన్ గడియారం ఒకటి, బజారు గడియారం ఇంకోటి చూపిస్తూ అన్నేళ్ళు బతికారంటే, మీ రాజధాని మీద అలిగిన ఊరు ఒకటి కథలో ఉండి తీరాలి.

ఆ తొమ్మిది నిమిషాల తేడాని, కొంచెం అటూ ఇటూగా, మీరు కళ్ళారా చూడొచ్చు. ఏడాదికి రెండుసార్లు, ఏప్రిల్ 24, ఆగస్టు 18 ప్రాంతాల్లో సూర్యుడు చెన్నైలో సరిగ్గా నడినెత్తి మీదికి వస్తాడు, నిలబెట్టిన వస్తువుకి నీడ పక్కకి పడదు. అది ఫోన్‌లో పన్నెండు కొట్టినప్పుడు జరగదు, ఏప్రిల్‌లో 12:07కి, ఆగస్టులో అయితే ఇంకో ఐదారు నిమిషాలు ఆలస్యంగా. మీ బెంగళూరు చుట్టాలకి ఏప్రిల్‌లో అదే 12:17. ఏప్రిల్‌ది దాటిపోతే ఆగస్టుది చూడండి. మబ్బు లేకపోతే ఒక స్టీల్ గ్లాసు డాబా మీద బోర్లించి పన్నెండింటి నుంచి పక్కనే ఉండండి, నీడ సన్నబడుతూ సన్నబడుతూ గ్లాసు అంచు కిందికి దూరిపోతుంది, కాసేపటికి అవతలి పక్కనుంచి మళ్ళీ బయటికి వస్తుంది. మీ లోకంలో కొత్త సంవత్సరం అప్పుడు మొదలవ్వాలో లేదో గ్లాసు చూశాక నాకు రాయండి.